అట్ట మీద పేరు ఒకరిది, రాత ఒకరిది, హక్కు ఎవరిది? డిటెక్టివ్ నవలా రచయిత బతుకు లెక్కలు

పాత తెలుగు డిటెక్టివ్ నవలలకు ఈ మధ్య మళ్లీ గిరాకీ వచ్చింది. రంగు వెలిసిన అట్టలను పాత పుస్తకాల కుప్పల్లో ఏరుకునేవాళ్లు, స్కాన్ చేసి పీడీఎఫ్‌లుగా పంచుకునేవాళ్లు, యూట్యూబులో అధ్యాయాల వారీగా చదివి వినిపించేవాళ్లు, వెబ్ సిరీస్‌కు కథ వెతుక్కునేవాళ్లు ఎక్కువయ్యారు. వాళ్లందరికీ ముందుగా ఎదురయ్యే ప్రశ్న, ఈ పుస్తకం ఎవరిది అన్నది. చదువుకుని ఆనందించడానికి ఆ ప్రశ్నతో పని లేదు గానీ, తిరిగి అచ్చు వేయాలన్నా, గొంతుతో వినిపించాలన్నా, తెరకెక్కించాలన్నా దానికి జవాబు చెప్పుకోక తప్పదు.

నెల్లూరులోనో ఒంగోలులోనో అలాంటి రచయిత కుటుంబం ఒకటి ఉందనుకుంటే, అదే ప్రశ్న ఇంకో రూపంలో ఇంట్లోకి వస్తుంది. తాతయ్య డెబ్బై నవలలు రాశారని ఇంటిల్లిపాదీ చెప్పుకుంటారు. తీరా పుస్తకాలు ముందేసుకుని చూస్తే ఆయన పేరు పట్టుమని పది అట్టల మీద కూడా కనబడదు. మిగతావి ఆయన రాయలేదా, రాసినా వేరే పేరుతో రాశారా, రాసి అమ్మేసుకున్నారా? మూడు విషయాలను ఒకటిగా కలిపి చూడటం వల్లనే ఈ తికమక పుడుతోంది. అట్ట మీద అచ్చయిన పేరు ఒకటి, కలం పట్టిన మనిషి ఇంకొకరు, హక్కు కాగితం ఉన్నవారు మరొకరు. సాధారణ సాహిత్య నవల విషయంలో ఈ ముగ్గురూ దాదాపు ఎప్పుడూ ఒకరే కాబట్టి మనకు విడదీసి చూసే అలవాటు లేదు. చవక డిటెక్టివ్ నవల దగ్గర మాత్రం విడదీయకపోతే ఒక్క అడుగు ముందుకు పడదు.

పల్ప్ నవల అంటే ఏమిటి, దాని డబ్బు ఎలా నడిచేది

చవక కాగితం మీద, తక్కువ ధరకు, వేగంగా రాయించి వేగంగా అమ్మే కాలక్షేపం నవలలను పల్ప్ అంటారు. అందులో నేరం, దర్యాప్తు ప్రధానంగా ఉన్నవాటిని మన పెద్దలు అపరాధ పరిశోధక నవలలన్నారు, జనం డిటెక్టివ్ నవలలన్నారు. గూఢచారి సాహసాలు, ఉదాహరణకు మధుబాబు షాడో నవలలు, వీటికి దగ్గరి చుట్టాలే అయినా వాటిలో హంతకుడెవరన్న ప్రశ్న కన్నా హీరో ఎలా బయటపడతాడన్న ఉత్కంఠ ముఖ్యం.

రచయితకు డబ్బు ముట్టే పద్ధతులు రెండు. అమ్మిన ప్రతి పుస్తకం ధరలో కొంత శాతం ఇస్తే అది రాయల్టీ. రాతప్రతి చేతికి రాగానే ఒక మొత్తం ఇచ్చి లెక్క తెంచుకుంటే అది ఏకమొత్తపు కొనుగోలు. తేడా తెలియడానికి ఊహా అంకెలతో ఒక లెక్క వేసుకుందాం. రెండు రూపాయల పుస్తకం, మొదటి ముద్రణ 2,000 ప్రతులు, రాయల్టీ పది శాతం అనుకుంటే రచయితకు 400 రూపాయలు వస్తాయి, అదీ ప్రతులన్నీ అమ్ముడుపోయి, పబ్లిషరు లెక్క చూపించిన తర్వాత. ఏకమొత్తంగా 300 ఇస్తానంటే వంద తక్కువే, కానీ ఈ రోజే చేతికొస్తుంది. నెల జీతం మీద బతికే గుమస్తాకో బడిపంతులుకో ఆ రోజుల్లో రెండోదే నయమనిపించడంలో వింత లేదు. అదే పుస్తకం అయిదు ముద్రణలకు వెళితే మాత్రం రాయల్టీ 2,000 అవుతుంది, ఏకమొత్తం 300 దగ్గరే ఆగిపోతుంది. డిటెక్టివ్ రచయితల గురించి వినిపించే ‘వందల పుస్తకాలు రాశాడు, చేతిలో చిల్లిగవ్వ లేదు’ అనే మాటకు మూలం చాలావరకు ఈ తేడాలో ఉంది.

దీనికి తోడు అద్దె పుస్తకాల షాపులు. డిపాజిట్ కట్టి, రోజుకు కొన్ని పైసల చొప్పున నవల తీసుకెళ్లి, మర్నాడు తిరిగిచ్చి ఇంకొకటి తెచ్చుకోవడం ఒక తరానికి సినిమా తర్వాత పెద్ద వినోదం. ఒక్క ప్రతిని వంద మంది చదివినా రచయితకు, పబ్లిషరుకు ముట్టేది ఒక్క ప్రతి ధరే. ఇందులో చట్ట విరుద్ధం ఏమీ లేదు. కొత్తగా ప్రతులను జనంలోకి విడుదల చేసే హక్కు హక్కుదారుదే గానీ, ఒకసారి అమ్ముడై చలామణీలో ఉన్న ప్రతిని కొన్నవాడు అద్దెకిస్తే ఆపే హక్కు మన చట్టం పుస్తకాల విషయంలో ఇవ్వలేదు. గ్రంథాలయాల నుంచి పుస్తకం ఎరవు పోయినప్పుడల్లా రచయితకు కొంత సొమ్ము ముట్టే ఏర్పాటు బ్రిటన్ వంటి దేశాల్లో ఉంది, ఇక్కడ లేదు.

రైలు పట్టాల వెంట పాఠకులు

నెల్లూరు, ప్రకాశం ప్రాంతానికి ఈ కథలో ఉన్న చోటు పటం చూస్తే అర్థమవుతుంది. గూడూరు, నెల్లూరు, కావలి, సింగరాయకొండ, ఒంగోలు ఊళ్లన్నీ మద్రాసు–విజయవాడ రైలు మార్గం మీదే ఉన్నాయి. ఆంధ్రపత్రిక, ఆంధ్రప్రభ, చందమామ మద్రాసు నుంచే వెలువడేవి. 1953లో ఆంధ్ర రాష్ట్రం విడిపోయాక కూడా తెలుగు అచ్చు వ్యాపారంలో మంచి భాగం చాలాకాలం అక్కడే ఉండిపోయింది, ఆ తర్వాత విజయవాడ పెద్ద కేంద్రమైంది. అంటే ఈ ప్రాంతం పాఠకుడు రెండు అచ్చు కేంద్రాల నడుమ కూర్చున్నాడు. దక్షిణాది స్టేషన్లలోని హిగిన్‌బాథమ్స్ స్టాళ్లలో ఇంగ్లిషు డిటెక్టివ్ నవల, బస్టాండు బంకులో తెలుగు డిటెక్టివ్ నవల, రెండూ ప్రయాణపు సరుకే. నెల్లూరు నుంచి మద్రాసు దాకా మూడు నాలుగు గంటల ప్రయాణంలో అయిపోయే నిడివి ఉండటం యాదృచ్ఛికం అనుకోను.

ఫారాలకు కొలిచి రాసిన కథ

ఆ నిడివిని తేల్చింది ప్రెస్సు. అచ్చు లెక్కలో ప్రమాణం పేజీ కాదు, ఫారం. ఒక పెద్ద కాగితాన్ని రెండు వైపులా అచ్చువేసి మడతపెడితే 16 పేజీలు వస్తాయి, అది ఒక ఫారం. ఎనిమిది ఫారాలంటే 128 పేజీలు. రచయిత కథ 130 పేజీలకు తేలిందంటే ఆ రెండు పేజీల కోసం తొమ్మిదో ఫారం కాగితం దండగ కాబట్టి ఎక్కడో రెండు పేజీలు కోయాలి. 121 పేజీలకే ముగిసిందంటే మిగిలిన ఏడు పేజీల్లో ‘త్వరలో వెలువడుతున్నాయి’ అంటూ రాబోయే నవలల ప్రకటనలు పడతాయి. పాత నవలల చివరి అధ్యాయంలో డిటెక్టివు అందర్నీ ఒక గదిలో కూర్చోబెట్టి ఆదరాబాదరాగా రహస్యం విప్పేస్తాడని పాఠకులు విసుక్కునేవారు. ఆ తొందర కొన్నిసార్లు డిటెక్టివుది కాదు, ఎనిమిదో ఫారానిది.

చేతి కంపోజింగు రోజుల్లో ఇంకో ఇబ్బంది ఉండేది. చిన్న ప్రెస్సులో సీసపు అక్షరాలు పరిమితంగా ఉంటాయి కనుక, ఒకటి రెండు ఫారాలు కూర్చి, అచ్చు తీసి, ఆ అక్షరాలను మళ్లీ గళ్లలోకి సర్దితే గానీ తర్వాతి పేజీలకు టైపు దొరకదు. తొలి ఫారాలు అచ్చయ్యాక కథను వెనక్కి వెళ్లి దిద్దడం కుదరదు. పద్నాలుగో పేజీలో హతుడు ఎడమచేతి వాటం మనిషని రాసేస్తే, నూట పదో పేజీలో కుడిచేతి రాతతో ఉత్తరం అవసరమైనప్పుడు రచయిత ఏదో ఒక ఉపాయం పన్నవలసిందే. కొన్ని నవలల్లో కథ మధ్యలో హఠాత్తుగా కవల సోదరుడు ఊడిపడటానికి ఇలాంటి ఇరకాటమే కారణమై ఉంటుందని నా అనుమానం.

డబ్బు లెక్క శైలిని కూడా మారుస్తుంది. అమెరికా పల్ప్ పత్రికల్లో పదానికి ఇన్ని సెంట్లని చెల్లించేవారు. కాలిఫోర్నియా న్యాయవాది ఎర్ల్ స్టాన్లీ గార్డ్‌నర్ 1920ల్లో ఆ పత్రికలకు రాసి చెయ్యి తిప్పుకుని, 1933లో పెరీ మేసన్ అనే లాయరు పాత్రను సృష్టించాడు. పదానికి సొమ్ము వచ్చేచోట తుపాకీ ఎన్నిసార్లు పేలితే అంత లాభం. ఫారానికి సొమ్ము వచ్చేచోట లెక్క మారుతుంది, ఎందుకంటే అక్కడ పదం కన్నా వరస విలువైనది.

“ఎవరు?”
“నేను.”
“నేనంటే?”

మూడు మాటల్లో మూడు వరసలు నిండాయి. డిటెక్టివ్ నవలల్లో సంభాషణ చకచకా సాగడానికి ఉత్కంఠ ఒక్కటే కారణం కాదు. అయితే దీన్ని మోసంగా చూడనక్కర్లేదు. చిన్న వాక్యం, వరసకో మాట, అధ్యాయం చివర తలుపు తట్టిన చప్పుడు, ఇవే కొత్తగా అక్షరాస్యులైన పాఠకులకు చదవడం సులువు చేశాయి. గ్రాంథికపు బరువు దించేసిన వాడుక తెలుగు వచనం ఎక్కువ మంది చేతుల్లోకి వెళ్లిన దారుల్లో ఇదొకటి.

ఒక చెయ్యి, పలు పేర్లు. ఒక పేరు, పలు చేతులు

పేరుకూ చేతికీ ఉన్న సంబంధం మూడు రకాలుగా ఉండవచ్చు. మొదటి రకంలో పేరూ ఒకటే, చెయ్యీ ఒకటే. దీనికి తెలుగులో అందరికీ తెలిసిన ఉదాహరణ కొమ్మూరి సాంబశివరావు. 1926లో తెనాలిలో పుట్టి 1994లో కన్నుమూసిన ఆయన, డిటెక్టివ్ యుగంధర్, అసిస్టెంటు రాజు పాత్రలతో ఒక తరాన్ని కట్టిపడేశారు. చలం దత్తత వెళ్లకముందు ఇంటిపేరు కొమ్మూరి. సాంబశివరావు ఆయనకు తమ్ముడి కొడుకు. సాహిత్య కుటుంబంలో పుట్టిన మనిషి డిటెక్టివ్ నవలను చిన్నచూపు చూడకుండా సొంత పేరుతో, ఒకే నాయకుడితో ఏళ్ల తరబడి రాయడం వల్ల, ఆయన విషయంలో రచయిత ఎవరన్న చిక్కు లేదు. ఆ నవలలు పోయిన తరంతో ఆగిపోకుండా తిరిగి అచ్చులోకి రావడానికి ఆ స్పష్టత ఎంతో తోడ్పడుతుంది.

రెండో రకంలో ఒకే చెయ్యి పలు పేర్లు పెట్టుకుంటుంది. జేమ్స్ హాడ్లీ ఛేజ్ అన్నది అసలు పేరు కాదు. 1906లో లండన్‌లో పుట్టిన రెనె రేమండ్ అనే ఆయన, బ్రిటిష్ ఇండియా సైన్యంలో పశువైద్యుడైన ఒక కల్నల్ కొడుకు. పద్దెనిమిదేళ్లకే ఇల్లు వదిలి, ఇంటింటికీ తిరిగి పిల్లల విజ్ఞాన సర్వస్వాలు అమ్మి, తర్వాత పుస్తకాల టోకు వ్యాపారంలో పనిచేశాడు. ఏ పుస్తకం అమ్ముడుపోతుందో రాయకముందే కౌంటరు వెనక నిలబడి నేర్చుకున్నాడు. 1939లో తొలి నవలతోనే సంచలనం సృష్టించి, 1985లో స్విట్జర్లాండులో మరణించేలోపు తొంభై దాకా నవలలు రాశాడు. వాటిలో కొన్ని రేమండ్ మార్షల్ పేరుతో, ఒక్కొక్కటి జేమ్స్ డోచర్టీ, ఆంబ్రోజ్ గ్రాంట్ పేర్లతో వచ్చాయి. ఎన్ని పేర్లున్నా వెనక మనిషి ఒక్కడే అని లోకానికి తెలుసు.

చిక్కంతా మూడో రకంలో ఉంది. ఇక్కడ పేరు పబ్లిషరు సొత్తు, ఆ పేరు వెనక రాసే చేతులు మారుతుంటాయి. బ్రిటన్‌లో 1893లో పుట్టిన సెక్స్‌టన్ బ్లేక్ అనే డిటెక్టివు కథలను దశాబ్దాల తరబడి రెండు వందల మంది దాకా రచయితలు రాశారని చెబుతారు. అమెరికాలో ఎలరీ క్వీన్ అన్న పేరు ఇద్దరు కజిన్లు కలిసి పెట్టుకున్నది. 1960ల్లో ఆ పేరుతో వచ్చిన కొన్ని పేపర్‌బ్యాక్‌లను వేరేవాళ్లు రాశారు. హిందీ చవక నవలల వ్యాపారంలో ఇలాంటి పేర్లను ‘ట్రేడ్ నేమ్’ అనే పిలిచేవారు. రచయిత అలిగి వెళ్లిపోయినా పేరు పబ్లిషరు దగ్గరే ఉంటుంది, పాఠకుడికి తేడా తెలియకుండా తర్వాతి నెల నవల వస్తుంది. రాసే మనిషికీ ఇందులో ఒక సౌకర్యం లేకపోలేదు. ప్రభుత్వోద్యోగంలో ఉండి హత్యల నవలలు రాస్తున్నాడని పై అధికారికి తెలియడం ఇష్టం లేనివారికి అది ముసుగు. మన తాతయ్య డెబ్బై నవలల్లో అరవై కనబడకపోవడానికి ఇదే కారణం కావచ్చు.

కాపీ అన్న నింద ఎంతవరకు నిలుస్తుంది

తెలుగు డిటెక్టివ్ నవలల మీద పాత నింద ఒకటుంది: ఛేజ్‌నో గార్డ్‌నర్‌నో తెచ్చి, పేర్లు మార్చి, షికాగో తీసేసి మద్రాసు పెట్టారని. కొన్నింటి విషయంలో అది నిజమేనని పాఠకులు ఇంగ్లిషు పుస్తకం, తెలుగు పుస్తకం పక్కపక్కన పెట్టి చూపిస్తుంటారు. అయితే ఛేజ్ కూడా అమెరికాలో స్థిరపడి రాసినవాడు కాదు. నిఘంటువులు, పటాలు ముందుపెట్టుకుని ఇంగ్లండులో కూర్చుని అమెరికా నేరలోకాన్ని అల్లాడు. ఆయన రేమండ్ మార్షల్ పేరుతో 1945లో తెచ్చిన ఒక నవలలో తన రచనల నుంచి భాగాలు ఎత్తుకున్నాడని అమెరికా డిటెక్టివ్ రచయిత రేమండ్ చాండ్లర్ ఫిర్యాదు చేయగా, ఛేజ్ పుస్తక వ్యాపారుల పత్రికలో క్షమాపణ ప్రకటించవలసి వచ్చింది. దొంగ సొత్తుకు ఎన్ని మజిలీలో చూడండి.

చట్టం గీసే గీత ఎక్కడుందంటే, ఆలోచన మీద ఎవరికీ హక్కు లేదు, దాన్ని వ్యక్తం చేసిన తీరు మీద ఉంది. ఒక నాటకాన్ని సినిమాగా కాపీ కొట్టారన్న ఆర్.జి. ఆనంద్ వర్సెస్ డీలక్స్ ఫిల్మ్స్ కేసులో సుప్రీంకోర్టు 1978లో ఈ సంగతే తేల్చి చెప్పింది. రెండింటినీ చూసిన సామాన్యుడికి రెండోది మొదటిదాని నకలే అన్న భావన స్పష్టంగా కలుగుతోందా అన్నది అందులో గీటురాయి. మైపాడు సముద్రపొడ్డున ఒక గెస్ట్‌హౌసు, లోపల గడియ వేసిన గదిలో రొయ్యల వ్యాపారి శవం అనుకుందాం. మూసిన గదిలో హత్య అన్న ఊహ ఎవరైనా వాడుకోవచ్చు. కానీ హంతకుడు వాడిన ఉపాయం, ఆధారాలు బయటపడే వరస, అనుమానితుల మధ్య సంబంధాలు, ముఖ్యమైన సంభాషణలు అన్నీ ఒక ఇంగ్లిషు నవలలో ఉన్నట్టే దిగితే, శవం రొయ్యల వ్యాపారిదైనంత మాత్రాన అది కొత్త రచన కాదు. అనువదించే హక్కు, అనుసరించే హక్కు మూల రచయితవే. భారతదేశంలో ఛేజ్ రచనల మీద హక్కు 2045 డిసెంబరు 31 దాకా ఉంటుంది.

విలువ విషయంలో మాత్రం ఏకాభిప్రాయం లేదు. జార్జ్ ఆర్వెల్ 1944లో ఛేజ్ తొలి నవల మీద రాసిన వ్యాసంలో అది ఎంత పకడ్బందీగా రాసిందో ఒప్పుకుంటూనే, అందులోని క్రూరత్వాన్ని, బలానికి మొక్కే ధోరణిని తీవ్రంగా తప్పుపట్టాడు. మన విమర్శకుల్లోనూ కాలక్షేపం సాహిత్యం పాఠకుడి అభిరుచిని పాడుచేసిందనే వారున్నారు. డిటెక్టివ్ నవలతో చదువు మొదలుపెట్టి పెద్ద సాహిత్యానికి వచ్చినవాళ్లను చూపించి కాదనే వారూ ఉన్నారు. రెండు వాదనలకూ ఉదాహరణలు దొరుకుతాయి. డిటెక్టివ్ నవలల దగ్గరే ఆగిపోయిన పాఠకులు మాత్రం ఈ చర్చలో ఎవరి లెక్కలోకీ రారు, వాళ్ల ఆనందం ఎందుకు చాలదో నాకు అర్థం కాదు.

ఒకే ఏడాది పుట్టిన రెండు నవలలకు రెండు గడువులు

1957 కాపీరైటు చట్టం ప్రకారం రచయిత బతికున్నంత కాలం, ఆ తర్వాత అరవై ఏళ్లు హక్కు ఉంటుంది. అరవై ఏళ్లను మరణించిన మరుసటి సంవత్సరం జనవరి 1 నుంచి లెక్కిస్తారు. మొదట ఇది యాభై ఏళ్లే ఉండేది. 1941లో మరణించిన టాగోర్ రచనల గడువు ముగియబోతుండగా దాన్ని అరవైకి పొడిగించారు.

1962లో రెండు నవలలు వచ్చాయనుకుందాం. మొదటిది సొంత పేరుతో రాసిన, 1994లో మరణించిన రచయితది. దాని హక్కు 2054 డిసెంబరు 31 దాకా ఉంటుంది. రెండోది పబ్లిషరు పెట్టిన పేరుతో వచ్చింది, రాసిందెవరో ఎన్నడూ బయటపెట్టలేదు. మారుపేరు రచనలకు సెక్షన్ 23 వేరే లెక్క చెబుతుంది: ప్రచురించిన మరుసటి ఏడాది నుంచి అరవై ఏళ్లు. ఆ ప్రకారం రెండో నవల గడువు 2022 డిసెంబరు 31తో ముగిసింది, ఇప్పుడు అది అందరిదీ. ఒకే బంకులో పక్కపక్కన వేలాడిన రెండు పుస్తకాల మధ్య ముప్పై రెండేళ్ల తేడా వచ్చింది.

ఇక్కడొక మెలిక ఉంది. ఆ అరవై ఏళ్లు నిండేలోగా అసలు రచయిత ఎవరో వెల్లడైతే, లెక్క మళ్లీ ‘మరణం తర్వాత అరవై’కి మారుతుంది. కానీ వెల్లడి కావడమంటే ఊళ్లో చెప్పుకోవడం కాదు. రచయిత, పబ్లిషరు ఇద్దరూ బహిరంగంగా ప్రకటించి ఉండాలి, లేదా రచయిత తానే చట్టం చెప్పిన అధికార సంస్థ ముందు రుజువు చేసుకుని ఉండాలి. ‘ఆ పేరుతో రాసింది మా నాన్నే’ అని కొడుకు ఈ రోజు చెప్పడం ఈ షరతుకు సరిపోతుందని చెప్పలేం.

కందుకూరు అటక మీది పెట్టె

ఇప్పటిదాకా చెప్పినవన్నీ ఒకేచోట పెట్టి చూడటానికి ఒక కల్పిత ఉదాహరణ తీసుకుందాం. నెల్లూరు, ప్రకాశం జిల్లాల మధ్య చేతులు మారుతూ వచ్చిన కందుకూరులో ఒక హైస్కూలు పంతులుగారు 1963 నుంచి 1978 దాకా విజయవాడ పబ్లిషరుకు నవలలు రాసి, 1990లో మరణించారు. అటక మీది రేకుపెట్టెలో పుస్తకాలు, ఉత్తరాలు, మనియార్డరు కూపన్లు ఉన్నాయి. డబ్బు పంపేటప్పుడు పబ్లిషరు కూపను మీది ఖాళీలో ‘మార్చి నెల నవలకు’ అని రెండు ముక్కలు రాసి, కింద పొట్టి సంతకం పెట్టేవాడు. పంతులుగారు వాటిని దారంతో గుచ్చి దాచుకున్నారు. మనవరాలు వీటిని తిరిగి అచ్చువేయించాలనుకుంటోంది.

పుస్తకాలు మూడు కుప్పలవుతాయి. మొదటి కుప్ప సొంత పేరుతో వచ్చినవి, వాటికి సంబంధించి రాతపూర్వకమైన ఒప్పందం ఏదీ లేదు. చట్టం దృష్టిలో హక్కుల బదలాయింపు చెల్లాలంటే రాతలో ఉండి, ఇచ్చినవారి సంతకం ఉండాలి. నోటిమాట, డబ్బు ముట్టిన సంగతి, ఈ రెండూ చాలవు. పబ్లిషరుకు ఆ ముద్రణ వేసుకునే అనుమతి ఉందనవచ్చు గానీ కాపీరైటు పంతులుగారి దగ్గరే ఉండిపోయింది. అది వారసులది, 2050 డిసెంబరు 31 దాకా.

రెండో కుప్పలో ఉన్నది ఒక్క పుస్తకమే, దానికి 1971 నాటి స్టాంపు రసీదు ఉంది: ‘ఈ నవల సర్వహక్కులు మీకు ఇచ్చివేసినాను’ అని, కింద పంతులుగారి సంతకం. ఇక్కడ చాలామంది పొరబడే విషయం ఒకటుంది. ఒప్పందంలో గడువు రాయకపోతే అయిదేళ్లకే బదలాయింపు ముగుస్తుందని చట్టంలో ఉన్నమాట నిజమే. కానీ ఆ నియమం 1994 సవరణతో వచ్చి 1995 మేలో అమల్లోకి వచ్చింది, అంతకుముందు జరిగిన బదలాయింపులకు అది వర్తించదని అదే సెక్షన్‌లో రాసి ఉంది. కాబట్టి 1971 రసీదు ఇంకా నిలబడుతుంది. పబ్లిషరు కొట్టు మూసేసినంత మాత్రాన హక్కు గాలిలో కలవదు, యజమాని వారసులకో భాగస్వాములకో చెందుతుంది. వాళ్లెవరో ఆచూకీ దొరకనప్పుడు, పత్రికల్లో ప్రకటన ఇచ్చి లైసెన్సు కోరే మార్గాన్ని సెక్షన్ 31ఎ చూపిస్తుంది.

మూడో కుప్ప పబ్లిషరు పేరుతో వచ్చినవి. వీటికి రసీదులు లేవు, మనియార్డరు కూపన్లే ఉన్నాయి. రాతపూర్వక బదలాయింపు లేదు కాబట్టి హక్కు పంతులుగారిదే అనవచ్చు. కానీ ఆయనే రాశారని బయటపడలేదు కాబట్టి గడువు ప్రచురణ సంవత్సరం నుంచి నడుస్తుంది. 1964 నవల గడువు 2024 చివరకు ముగిసింది, 1970 నవలది 2030 చివరి దాకా ఉంది. ప్రచురణ సంవత్సరం అట్ట లోపల లేకపోతే ఎలా అన్న ప్రశ్న వస్తుంది. 1954 చట్టం ప్రకారం ప్రతి పబ్లిషరూ కొత్త పుస్తకం ప్రతిని కలకత్తా జాతీయ గ్రంథాలయానికి, మద్రాసు కన్నెమరా వంటి నిర్దేశిత గ్రంథాలయాలకు పంపాలి. చవక నవలల పబ్లిషర్లు అందరూ పంపారని కాదు, పంపినచోట మాత్రం ఆ నమోదు తిరుగులేని ఆధారం.

డబ్బు సంగతి పక్కనబెట్టి, ‘ఇది మా తాతయ్య రాశారు’ అని చెప్పుకునే హక్కు వేరే ఉంది. సెక్షన్ 57 ప్రకారం కాపీరైటు అమ్ముకున్నా సరే, రచన తనదని చెప్పుకునే హక్కు రచయితకు పోదు. 2012కు ముందు ఈ ఒక్క హక్కును వారసులు వాడుకోవడానికి వీల్లేకుండా ఉండేది. ఆ ఏడాది సవరణ ఆ అడ్డును తీసేసింది. దారంతో గుచ్చిన కూపన్లు కాపీరైటును నిరూపించలేకపోయినా, ఈ వాదనకు బలమైన సాక్ష్యం కాగలవు.

పీడీఎఫ్‌లు, ఆడియోలు

పాత నవలలను స్కాన్ చేసి పంచేవాళ్లు, తాము పంచకపోతే చెదలకు పోయే పుస్తకాలను కాపాడుతున్నామంటారు. ఒకటి రెండు ప్రతులు మాత్రమే మిగిలిన పుస్తకాల విషయంలో ఆ మాటను తోసిపుచ్చలేం. రచయితల కుటుంబాలు, కొత్తగా అచ్చువేస్తున్న పబ్లిషర్లు మాత్రం, దొరికే పుస్తకాన్ని కూడా ఉచితంగా పంచడం వల్ల తిరిగి అచ్చువేసే ధైర్యమే పోతోందంటారు, అదీ నిజమే. గడువు తీరిన మారుపేరు నవల, 2054 దాకా హక్కున్న నవల ఒకే ఫోల్డరులో పక్కపక్కన ఉండటంతో ఈ వాదన ఎప్పుడూ ఒకరి మాట ఒకరికి అందని చోట ఆగిపోతుంది.

ఆడియో హక్కుల మీద వాదన కొత్తది. 2012 సవరణ ప్రకారం, ఒప్పందం నాటికి లేని లేదా వ్యాపార వాడుకలో లేని మాధ్యమానికి, ఆ ఒప్పందంలో ప్రత్యేకంగా పేర్కొంటే తప్ప బదలాయింపు వర్తించదు. కందుకూరు పెట్టెలోని 1971 రసీదులో ‘సర్వహక్కులు’ అనే ఉంది. రేడియో అప్పటికే ఉంది కనుక వినిపించే హక్కు కూడా వెళ్లిపోయినట్టేనని పబ్లిషరు వారసులు అనవచ్చు. ఫోనులో డబ్బు కట్టి వినే యాప్ అప్పటికి ఎవరి ఊహలోనూ లేదు కనుక ఆ హక్కు తమదేనని పంతులుగారి మనవరాలు అనవచ్చు. 2012 నియమం అంతకుముందటి ఒప్పందాలకు వర్తిస్తుందా అన్నదే ముందు తేలవలసిన సంగతి. ఏమైనా ఆ తగాదా రసీదు ఉన్న ఆ ఒక్క నవలకే పరిమితం. సొంత పేరుతో వచ్చిన మొదటి కుప్పను అచ్చుకో ఆడియోకో ఇవ్వడానికి ఆమెకు విజయవాడలో ఎవరి అనుమతీ అక్కర్లేదు.